నిద్రకు నాలుగు హద్దులు

నూకరత్నానికి అన్నిటికంటే పెద్ద భయం ఒకటే. పిల్లాడికి ఊపిరి అందని వేళ, వాణ్ణి భుజాన వేసుకుని పరిగెత్తడానికి ఇంట్లోంచి బయటికి దారి లేకుండా పోవడం.

మిగతా భయాలు లేవని కాదు. పిల్లాడు కాస్త ఎక్కువ తింటే అరగదేమోనని భయం, తక్కువ తింటే నీరసిస్తాడేమోనని భయం. పడుకుంటే ఊపిరి ఆడుతోందో లేదోనని ముక్కు దగ్గర వేలు పెట్టి చూస్తుంది. ఆ వేలు తగిలి వాడు లేచి ఏడిస్తే, ఎందుకు ఏడుస్తున్నాడోనని మళ్ళీ భయం. అవన్నీ రోజువారీ భయాలు, బియ్యంలో రాళ్ళు ఏరుకున్నట్టు ఏరుకుంటూ బతకొచ్చు. దారి భయం మాత్రం అలా ఏరి పారేసేది కాదు. దానికి కోర్టు డిక్రీ ఉంది.

ఆమె ఇంటికి ఒక పక్క రైస్ మిల్లు గోడ, ఇంకో పక్క ఆ మిల్లు వాళ్ళ ఊక గుట్ట, వెనక పంట కాలవ. ముందు దొరబాబు గారి స్థలం. ఆ స్థలం అంచున ఉన్న సందులోంచే నూకరత్నం అత్తగారు కాపరానికి వచ్చింది, నూకరత్నమూ వచ్చింది, ఆసుపత్రి నించి లోవరాజూ వచ్చాడు. లోవరాజంటే ఆమె కొడుకు. ఈమధ్యే రెండేళ్ళు నిండాయి. వాడి ఛాతీలో పిల్లికూతలు. చల్లగాలి తగిలినా, మిల్లు ఊక ఎగిరినా ఊపిరి బరువెక్కుతుంది.

దొరబాబు గారు బస్సు కండక్టరుగా చేసి రిటైరైన మనిషి. రిటైరైన మర్నాడు ఏం తోచక ఒక కొలత టేపు కొన్నాడు. ఇల్లు కొలిచాడు, వసారా కొలిచాడు, ఇంకా సాయంత్రం కాకపోవడంతో స్థలం కూడా కొలిచాడు. దస్తావేజు ప్రకారం సందు తనదేనని తేలింది. దాన్ని మూసి గోడ కట్టుకుంటానని దావా వేశాడు. గెలిచాడు.

గెలిచిన రోజు ఆయనే వచ్చి నూకరత్నానికి చెప్పాడు. "నీ మీద నాకు కోపం ఏవుంటాదమ్మా? కాయితంలో అలాగుంది. కాయితం నా మాటింటాదా, నీ మాటింటాదా?"

"మరి మేం ఎలాగెళ్ళాలండి మావయ్యగారూ?"

"నిచ్చెనిత్తాను. వెదురు నిచ్చెన, గట్టిది. గోడ నా హక్కు, నిచ్చెన నా మంచితనం. ఆ రెంటికీ లంకె పెట్టకు."

పై కోర్టులో అప్పీలు చేసుకోవడానికి చట్టం గడువు ఇచ్చింది. ఆ గడువులో సగం తీర్పు నకలు కోసం తిరగడంలో అయిపోయింది. మిగతా సగం, ఆమె మొగుడు పైడిరాజు లారీ లోడుతో ఒరిస్సా వెళ్ళి తిరిగి రావడంలో అయిపోయింది. ఆఖరి రోజున లోవరాజుకి ఆయాసం ఎక్కింది. ఆ ఆయాసం తగ్గి, నూకరత్నం పిల్లాణ్ణి చంకనేసుకుని ప్లీడరు సోమయాజులు గారి గుమ్మం ఎక్కేసరికి గడువు దాటి పదకొండు రోజులు.

సోమయాజులు గారు కళ్ళజోడు తుడుచుకుని ఆ పదకొండు రోజుల్నీ ఎదురుగా కూర్చోబెట్టుకున్నట్టు చూశారు.

"ఆలస్యాన్ని మన్నించమని ముందు ఒక పిటిషన్ వెయ్యాలమ్మా. అది ఒప్పుకుంటేనే అప్పీలుకి నెంబరు. ఏ రోజుకి ఆ రోజు కారణం చెప్పాలి. మొదటి రోజు?"

"ఆసుపత్రిలోనండి."

"రెండో రోజు?"

"ఆసుపత్రేనండి. ఆరో రోజు దాకా ఆసుపత్రేనండి. మిషను పెట్టారండి. నేను కన్ను మూత్తే ఒట్టండి."

"బాగుంది," అన్నారు ప్లీడరు గారు. తర్వాత సర్దుకుని, "అంటే, కేసుకి బాగుంది. ఏడో రోజు?"

నూకరత్నం నేల చూసింది. "నిద్దరోయానండి."

"ఎంతసేపు?"

"ఇంటికొచ్చాం కదండి. పిల్లోడు కాత్త తెరిపిన పడ్డాడు. ఆడు పడుకున్నాడు, పక్కన నేనూ ఒరిగాను. కళ్ళు తెరిచేసరికి మళ్ళీ తెల్లారిందండి."

"నిద్రపోయాను అని కోర్టులో రాస్తే నవ్వుతారమ్మా. ఆ రోజు కూడా పిల్లాడికి జ్వరం అని రాద్దాం."

నూకరత్నం పిల్లాడి చెవులు రెండూ మూసేసింది. "బాబ్బాబు, ఆడికి లేని జరం రాయకండి. రాత్తే వచ్చేత్తాది."

"పోనీ నీకు జ్వరం అని రాస్తాను."

"నాకొచ్చేత్తే ఆణ్ణి ఎవరు చూత్తారండి?"

"మీ ఆయనకి?"

"ఘాట్ రోడ్డు మీద లారీ తోలే మడిసండి!"

ప్లీడరు గారు ఆ కుటుంబంలో ఎవరికీ జ్వరం తెప్పించలేక, ముప్పయ్యేళ్ళ ప్రాక్టీసులో మొదటిసారి నిజం రాశారు. ‘ఏడవ దినమున అప్పీలుదారు నిద్రించెను.’ మిగిలిన నాలుగు రోజులకీ ఇబ్బంది లేదు. ఆ నాలుగు రోజులూ ప్లీడరు గారే బావమరిది పెళ్ళికి వెళ్ళి ఆఫీసుకి తాళం వేశారు. ఆ కారణం ఏ కోర్టయినా అర్థం చేసుకుంటుంది.

ఇంకో సమయంలో అయితే ఈ పిటిషన్ కాఫీ వేళకి ముందే తేలిపోయేది. కానీ జడ్జి గారు అప్పుడే ఒక శిక్షణా తరగతికి వెళ్ళి వచ్చారు. ‘ఆలస్యం: సమాజానికి పట్టిన చీడ’ అన్నది అక్కడి విషయం. తరగతి పూటన్నర ఆలస్యంగా మొదలైందని విన్నాం గానీ, మొదలయ్యాక మాత్రం చాలా తీవ్రంగా జరిగిందట. వచ్చీ రాగానే జడ్జి గారు కోర్టు హాల్లో బోర్డు కట్టించారు: ‘ప్రతి దినమునకు ఒక కారణము, ప్రతి కారణమునకు ఒక సాక్ష్యము.’

అందుకని పిటిషన్‌ని కాకుండా రోజుల్నే పిలిపించారు. బంట్రోతు వరండాలోకి వెళ్ళి, అలవాటైన గొంతుతో మూడేసి సార్లు కేక వేశాడు.

"మొదటి రోజూ! మొదటి రోజూ! మొదటి రోజూ!"

వరండాలోనూ చెట్టుకిందా ఉన్న కక్షిదారులు అటూ ఇటూ చూశారు. మొదటి రోజు తరఫున సోమయాజులు గారు ఆసుపత్రి చీటీ పట్టుకుని లేచి "హాజరు" అన్నారు. అలా ఆరు రోజులు వచ్చి, వంగి దణ్ణం పెట్టి వెళ్ళిపోయాయి.

"ఏడో రోజూ!"

సోమయాజులు గారు లేచారు గానీ చేతిలో చీటీ లేదు.

"నిద్రించెను అని ఉంది," అన్నారు జడ్జి గారు. "నిద్ర ఎంత? దాని స్వభావమేమి? అది అనివార్యమైన నిద్రా, కేవలం సుఖనిద్రా? సాక్ష్యమేది?"

"అయ్యా, నిద్రపోతున్న మనిషి సాక్ష్యం ఎలా పోగు చేసుకుంటుంది?"

"చూసినవారు?"

"పిల్లాడొక్కడే."

"వయస్సు?"

"రెండేళ్ళు."

"సాక్షి మైనరు," అని జడ్జి గారు చెప్పగా బెంచి గుమాస్తా రాసుకున్నాడు.

దొరబాబు గారి ప్లీడరు ఛాతీ విరుచుకుని లేచాడు. "అయ్యా, ఇవాళ ఒక తల్లి నిద్రను మన్నిస్తే రేపు దేశంలో తల్లులందరూ నిద్రపోతారు. అప్పుడీ చట్టాల గతేం కావాలి?"

వెనక బెంచీ మీద నూకరత్నం కొంగు కప్పుకుని ముందుకి జరిగి కూర్చుంది. దేశంలో తల్లులందరి నిద్రా తన మెడకి చుట్టుకుంటుందని ఆమె అనుకోలేదు.

జడ్జి గారు ఉత్తర్వు చెప్పారు. భూమి తగాదాల్లో కోర్టు తరఫున స్థలం చూసి రావడానికి ఒక ప్లీడర్ని కమిషనరుగా పంపడం మామూలే. చూడకుండా పొలాన్ని నమ్మని కోర్టు, చూడకుండా నిద్రను ఎలా నమ్ముతుంది? కనుక సన్యాసిరావు అనే కుర్ర ప్లీడర్ని అడ్వకేట్ కమిషనరుగా నియమిస్తూ, సదరు నిద్ర జరిగిన స్థలమునకు పోయి, నిద్రను సమగ్రముగా పరిశీలించి, వచ్చే సోమవారం నాటికి నివేదిక సమర్పించవలసిందిగా ఆదేశించడమైనది.

ఆ కోర్టులో కమిషనరుకిచ్చే వారంటు ఒకటే రకం. భూముల కోసం అచ్చు వేయించినది. అందులో ‘భూమి’ కొట్టేసి ‘నిద్ర’ అని రాసి గుమాస్తా ముద్ర కొట్టాడు. మిగతాదంతా అలాగే ఉంది. పొడవు, వెడల్పు, చదునా మెరకా, చెట్టూ చేమా ఉంటే వాటి వివరం, చివర నాలుగు హద్దులు.

సన్యాసిరావు గారు మర్నాడు పొద్దున్నే సందులోంచి నడిచి వచ్చారు. పేరుకి తగ్గట్టే సన్నటి మనిషి. నల్లకోటు ఆయనకి తొడిగినట్టు ఉండదు, ఆయన మీద ఆరేసినట్టు ఉంటుంది. ఆయనకిది మొదటి కమిషన్. గుమ్మంలో నిలబడి టేపు తీసి, "అమ్మా, ఆ రోజు ఎక్కడ నిద్రపోయారో చూపించండి," అన్నారు.

నూకరత్నం చాప చూపించింది. కొలిచి రాసుకున్నారు.

"ఇప్పుడు ఆ రోజు పడుకున్నట్టే పడుకోండి. నేను గమనిస్తాను."

"ఇప్పుడు నిద్దరెలాగొత్తాదండి? మీరలా కోటేసుకుని చూత్తా ఉంటే?"

"కోటు తీసేస్తాను."

"అప్పుడు అసలే రాదండి."

సన్యాసిరావు గారికి ఆ మాటలో న్యాయం కనిపించింది. నిద్ర వచ్చిన పరిస్థితులు లేకుండా నిద్రను రమ్మనడం భావ్యం కాదు. అంచేత ఆ పరిస్థితుల్నే మళ్ళీ కల్పించాలని నిశ్చయించారు. ఆమె ఆరు రోజులు పిల్లాణ్ణి కనిపెట్టుకుని ఉంది గదా, తనూ ఆరు రోజులు కనిపెట్టుకుని ఉండి, ఏడో రోజు మనిషికి నిద్ర వస్తుందో రాదో తన మీదే తేల్చుకుంటారు.

"అంటే ఇక్కడే ఉంటారా బాబూ?"

"వసారాలో ఉంటానమ్మా. మీకేమీ శ్రమ ఇవ్వను."

ఆ మాట అన్నప్పుడు ఆయనకి లోవరాజు సంగతి తెలియదు. వాడు కమిషనరు గారి మెడలో తెల్లటి పట్టీ చూశాడు. అదేమిటో తనకి కావాలన్నాడు. ఇచ్చారు. మర్నాటికి ఆయన భుజం మీద తప్ప పడుకోనన్నాడు. ఆయన కూర్చుంటే ఏడుస్తాడు, నిలబడితే మూలుగుతాడు, వసారాలో ఆ చివర నించి ఈ చివరకి నడుస్తూ సివిల్ ప్రొసీజర్ కోడు వల్లిస్తుంటే ఊరుకుంటాడు. మధ్యమధ్య పిల్లికూతలు మొదలైతే నూకరత్నం ఆవిరి మిషను పెట్టేది, ఈయన మాస్కు పట్టుకునేవారు. మూడో రోజుకి ఆయన కూడా పిల్లాడి ముక్కు దగ్గర వేలు పెట్టి చూడటం నేర్చుకున్నారు.

"పడుకోండి బాబూ, నేను చూత్తాను," అంటే, "లేదమ్మా, పరిశీలన చెడిపోతుంది," అనేవారు.

ఏడో రోజు సోమవారం. నివేదిక ఇవ్వవలసిన రోజు. సన్యాసిరావు గారు కోటు తొడుక్కుని, సంచి తీసుకుని, చెప్పుల కోసం వంగారు. వంగినవారు అలాగే వసారాలో ఒరిగిపోయారు. మంగళవారం పొద్దున్న లేచారు.

ఆలస్యమైంది. ఆయన కూడా పిటిషన్ పెట్టుకోవలసి వచ్చింది. కారణం దగ్గర, మనస్సాక్షి ఉన్న మనిషి గనుక, ‘నిద్ర’ అని రాశారు.

జడ్జి గారు తల పట్టుకున్నారు. కమిషనరు నిద్ర సబబేనని ఒప్పుకుంటే, అప్పీలుదారు నిద్ర కూడా సబబేనని విచారణ లేకుండా ఒప్పుకున్నట్టవుతుంది. కమిషనరు నిద్రను కాదంటే, ఆయన నివేదిక తీసుకోవడానికి లేదు. నివేదిక లేకుండా అప్పీలుదారు నిద్ర తేలదు. ఆమె నిద్ర తేలకుండా ఈయన నిద్ర తేలదు.

"రెండు నిద్రలూ ఒకదానిపై ఒకటి ఆధారపడి ఉన్నవి," అని జడ్జి గారు ఉత్తర్వు రాయించారు. "ఈ సున్నితమైన దశలో స్థలస్వరూపం మారరాదు. కమిషనరు తదుపరి ఉత్తర్వుల వరకు సదరు స్థలంలోనే నివాసం ఉండవలెను. కోర్టు పనిపై తప్ప వెలుపలికి పోరాదు."

ఇది జరుగుతుండగానే దొరబాబు గారు ఇటుకలు దింపించాడు. ఆయన చేతిలో డిక్రీ ఉంది. నూకరత్నం ప్లీడరు గారి దగ్గరికి పరిగెత్తింది. సోమయాజులు గారు కోర్టుకి పరిగెత్తి గోడ మీద స్టే అడిగారు.

"అప్పీలుకి నెంబరు పడిందా?" అన్నారు జడ్జి గారు.

"ఆలస్యం తేలితే పడుతుందండి."

"అంటే అప్పీలు ఇంకా పుట్టలేదన్నమాట. పుట్టని అప్పీలులో స్టే ఇవ్వడమంటే పుట్టని బిడ్డకి పరీక్ష ఫీజు కట్టడం లాంటిది."

గోడ లేచింది. మేస్త్రీలు చురుకైన వాళ్ళు. ఆఖరి వరస పెడుతుండగా లోపలి నించి నల్లకోటు ఒకటి గోడ దగ్గరికి వచ్చి, "ఏవండీ, మరి నేనెలా వెళ్ళాలి?" అని అడిగింది.

దొరబాబు గారికి ఆ సంగతి తట్టలేదు. "మీరు లోపలున్నారా? నిచ్చెనిత్తానండి."

సన్యాసిరావు గారు నిచ్చెన మీంచే ఒక మెమో అందించారు. అది చూసి కోర్టు ఉలిక్కిపడింది. కోర్టు అధికారిని గోడ కట్టి మూసేశారు! ఆయన నిచ్చెన ఎక్కి దిగడం కోర్టు వారి ప్రతిష్ఠకు భంగం. తక్షణమే గోడలో సందు విడవాలని ఉత్తర్వు వెళ్ళింది. ఆ సందు ‘కమిషనరు గారి దేహము, కోటు, సంచి మరియు కమిషన్‌కు సంబంధించిన వస్తువులు పట్టునంత, అంతకు మించకుండా’ ఉండాలి. కమిషనరు తప్ప అన్యులు అందులోంచి పోరాదు. పోయిన పక్షమున అప్పీలు ప్రయత్నము కొట్టివేయబడును.

సర్వేయరు వచ్చి సన్యాసిరావు గారిని గోడకి ఆనించి నిలబెట్టి, చుట్టూ సుద్దముక్కతో గీత గీశాడు. ఆయన సన్నటి మనిషి గనుక సందు కూడా మూరెడే వచ్చింది. నూకరత్నానికి మాత్రం నిచ్చెనే. ఒక చేత్తో లోవరాజు, ఒక చేత్తో నిచ్చెన పట్టుకుని, పక్కనే ఉన్న సందుని చూస్తూ ఎక్కి దిగేది. ‘ఆయాసం వచ్చిన్నాడు ఈ నిచ్చెన మీద చేతులు వణికితే?’ అని రోజూ అనుకునేది. అనుకున్నందుకే జరుగుతుందేమోనని వెంటనే లెంపలేసుకునేది.

ఇంతలో ఇంకో చిక్కు వచ్చింది. ఇంట్లో ఉన్న మనిషికి అన్నం పెట్టకుండా నూకరత్నం తినలేదు. పొద్దున్న మినపరొట్టి, మధ్యాహ్నం పప్పూ ఆవకాయా, పైడిరాజు ఇంట్లో ఉన్న రోజున కోడిగుడ్ల పులుసు. పైగా అడిగినా అడక్కపోయినా మారు వడ్డిస్తుంది. బతికినంత కాలం లాడ్జీ మెస్సులో తిన్న సన్యాసిరావు గారు ఒక రోజున కోర్టుకి బయల్దేరి సందులో సగం దూరం వెళ్ళి ఆగిపోయారు. ముందుకీ రాలేదు, వెనక్కీ పోలేదు. లోవరాజు ఇటు నించి తోశాడు. దొరబాబు గారు అటు నించి లాగాడు.

ఊడి బయటపడగానే ఆయన సందు వెడల్పు చేయాలని మెమో వేశారు. దొరబాబు గారు మండిపడి ఎదురు పిటిషన్ వేశాడు. ‘అప్పీలుదారు కోర్టు అధికారిని దురుద్దేశంతో మేపుతూ, తద్వారా నా గోడలో దారి వెడల్పు చేసుకొనుచున్నది.’

"దురుద్దేశమేటండి!" అంది నూకరత్నం, నిజంగానే నొచ్చుకుని. "మీ ఇంటికి పంపిన రొట్టి మీరు తినలేదా మావయ్యగారూ?"

"తిన్నానమ్మా. బానే ఉంది. అందుకే కదా నా బయం."

జడ్జి గారు ఇరుపక్షాల వాదనలూ విని, కమిషనరు గారి నడుముపై యథాతథ స్థితి ఉత్తర్వులు ఇచ్చారు. ఈసారికి జానెడు వెడల్పు చేయవచ్చు. ఇక ముందు పెరగరాదు, తరగరాదు. ప్రతి నెలా మొదటి పనిదినాన, భోజనానికి ముందు, ఉభయ పక్షాల సమక్షంలో కొలవవలెను.

అలా రోజులు గడుస్తున్నాయి. మిల్లులో కొత్త ధాన్యం ఆడటం మొదలుపెట్టారు. ఊక ఎగిరింది.

మిట్టమధ్యాహ్నం. లోవరాజు ఆడుకుంటున్నవాడల్లా వచ్చి తల్లి ఒళ్ళో కూర్చున్నాడు. ఆడుకోవడం మానేసి వచ్చాడంటేనే ఆమెకి అర్థమైంది. డొక్కలు లోపలికి పోతున్నాయి. ఆవిరి మిషను పెట్టింది, అది పలకలేదు. కరెంటు పోయింది. పిల్లాణ్ణి ఎత్తుకుని వాకిట్లోకి పరిగెత్తింది. నిచ్చెన లేదు. అటుపక్క మేస్త్రీలు దొరబాబు గారి వసారా సున్నానికని పట్టుకెళ్ళారు.

మిగిలింది సందు. మూరెడూ జానెడూ. దాని అవతల దొరబాబు గారు పడక్కుర్చీలో ఉన్నాడు.

నూకరత్నం ఒక్క క్షణం ఆగింది. అన్యులు పోయిన పక్షమున, అన్న మాట ఆమెకి కంఠతా వచ్చు. ఇవాళ ఈ సందులోంచి పోతే ఇది మూసేస్తారు. మూసేస్తే ఇంకోసారి ఆయాసం వచ్చిన్నాడు ఎటు పోవాలి? ఇంకోసారి సంగతి ఇంకోసారి, ఇప్పుడు వీడి పెదాలు నీలంగా ఉన్నాయి. ఆమె సందు వైపు అడుగు వేసింది.

వెనక నించి సన్యాసిరావు గారు ఒక్క అంగలో వచ్చి పిల్లాణ్ణి అందుకున్నారు. కోటులోకి దోపుకున్నారు. సందులో పక్కకి తిరిగి దూరుతూ, కోర్టులో ఇంతవరకూ ఎవరూ వినని గొంతుతో అరిచారు.

"దొరబాబు గారూ! లేవండి! కమిషన్‌కు సంబంధించిన వస్తువు వస్తోంది!"

దొరబాబు గారు కుర్చీలోంచి లేచాడు. కోటులోంచి బయటికి వేలాడుతున్న చిన్న కాళ్ళు చూశాడు. సందుకి అవతల కొంగు నోట్లో కుక్కుకుని నిలబడ్డ నూకరత్నాన్నీ చూశాడు. ఉత్తర్వు ఆయనకీ కంఠతా వచ్చు.

"ఆ వత్తువొక్కదాన్నే అట్టుకెళితే ఏడుత్తాదండి," అన్నాడు, సందు దగ్గరికి పరిగెత్తుతూ. "దాంతోపాటు వచ్చిన సామానేదో అక్కడుండిపోయింది. అదీ కమిషన్‌దే. రా అమ్మాయ్, రా, తలొంచుకో!"

ఆమె చెయ్యి పట్టుకుని ఆయనే లాగాడు. పంచె ఎగ్గట్టి రోడ్డు మీదికి పరిగెత్తి, ముప్పయ్యేళ్ళు బస్సులు ఆపిన గొంతుతో "హోల్డాన్!" అని కేక వేసి ఆటో ఆపాడు. ఆటోలో ముందు సీట్లో సగం బయటే వేలాడుతూ ఆసుపత్రి దాకా వచ్చాడు. లోవరాజుకి ఆక్సిజన్ పెట్టారు. మూతి మీద మాస్కుతో వాడు కమిషనరు గారి పట్టీ పట్టుకుని లాగేదాకా, నలుగురిలో ఎవరూ ఊపిరి సరిగా తీసుకోలేదు.

మర్నాడు దొరబాబు గారు కోర్టులో అభ్యంతరం దాఖలు చేశాడు. వస్తువుని తనకి ముందస్తు నోటీసు ఇవ్వకుండా తరలించారని.

"మీరే కదండి ఆటో ఆపింది!" అంది నూకరత్నం.

"ఆపేనమ్మా. హక్కు హక్కే. ఇంతకీ ఆడు పాలు తాగాడా?"

కోర్టు ఆ అభ్యంతరం విని, సదరు వస్తువుకి ఒక గుర్తు సంఖ్య ఇచ్చింది. దాని తల్లిని ఆ వస్తువు తాలూకు సామగ్రిగా నమోదు చేసింది. వస్తువుని, సామగ్రినీ సందులోంచి కమిషనరు మాత్రమే, ఎన్నిసార్లు అవసరమైతే అన్నిసార్లు, తీసుకుపోవచ్చు. కమిషన్ నడిచినంత కాలం.

ఆ సాయంత్రం సోమయాజులు గారు మిఠాయి పొట్లంతో వచ్చారు. "నీ అదృష్టం పండిందమ్మా! జడ్జి గారు మెత్తబడ్డారు. రెండు నిద్రల్నీ మన్నించేస్తారట. సన్యాసిరావు నివేదిక ఒక్కటి ఇచ్చేస్తే చాలు, కమిషన్ ముగిసిపోతుంది, అప్పీలుకి నెంబరు పడుతుంది."

నూకరత్నం మిఠాయి తీసుకోలేదు. "కమిషన్ అయిపోతే ఈ బాబు ఎళ్ళిపోతారా అండి?"

"వెళ్ళిపోడూ మరి?"

"సందో?"

ప్లీడరు గారు పొట్లం కింద పెట్టారు. "కమిషనరు కోసం విడిచింది గదా. మూస్తారు. ఏం ఫర్వాలేదు, నెంబరు పడ్డాక స్టే అడుగుదాం. నోటీసులు వెళ్ళాలి, వాళ్ళు కౌంటరు వెయ్యాలి, మధ్యలో వేసవి సెలవలు..."

నూకరత్నం సన్యాసిరావు గారి వైపు చూసింది. ఒక కోర్టు అధికారిని, వెళ్ళొద్దని, పని పూర్తి చెయ్యొద్దని ఏ నోటితో అడుగుతుంది?

సన్యాసిరావు గారు వసారాలో కూర్చుని ఉన్నారు. ఒళ్ళో కాగితాలున్నాయి, వాటి మీద లోవరాజు పడుకుని ఉన్నాడు. ఆయన పిల్లాడి ముక్కు దగ్గర వేలు పెట్టి చూసి, కలం మూత బిగించి జేబులో పెట్టుకున్నారు.

"సోమయాజులు గారూ, నా నివేదిక కాస్త ఆలస్యమవుతుందండి."

"ఎందుకయ్యా? కారణం చెప్పాలి గదా!"

"చెప్తాను. అది ఆలోచించడానికే గడువు అడుగుతున్నాను."

ఇప్పటికీ ఆ గడువు పొడిగిస్తూనే ఉన్నారు. సందు ఉంది. దాన్ని చూసుకుని నూకరత్నం మధ్యాహ్నంపూట ఎప్పుడైనా కాసేపు కునుకు కూడా తీస్తోంది. అయితే మొన్నటి నించి సన్యాసిరావు గారికి పెళ్ళిచూపులకని ఊరి నించి కబుర్లు వస్తున్నాయట. ఆయన రానంటున్నారట, వాళ్ళు కారు పంపిస్తామంటున్నారట. మీలో ఎవరైనా ఆ రైస్ మిల్లు పక్కగా వెళ్ళడం జరిగితే, దయచేసి ఒక్క నిమిషం ఆగండి. గోడ సందులో తల పెట్టి, "సన్యాసిరావు గారూ!" అని ఒక్క కేక వెయ్యండి. పలికితే మీ దారిన మీరు వెళ్ళండి. పలక్కపోతే మాత్రం ఉత్తర్వుల సంగతి తర్వాత చూసుకుందాం, లోపలికి వెళ్ళి ఆ పిల్లాడు ఎలా ఉన్నాడో ఒకసారి చూసి రండి.